గుంతకల్లులో వదిలిన పావురాలు

కాలేసాబ్ బతికున్నన్నాళ్లూ హుస్సేన్‌బీకి పావురాలంటే గిట్టేది కాదు. మిద్దె మీద రెట్టలు, వాకిట్లో ఈకలు, తెల్లవారకముందే మొదలయ్యే గుటగుటల గోల. పరుపులు కుట్టుకుని బతికే మనిషికి ఈ నవాబుల సరదా ఎందుకని రోజూ సణిగేది. కాలేసాబ్ నవ్వి ఊరుకునేవాడు. పగలంతా దూది ఏకి, ఆ నూగుతో తెల్లబడిన తలతోనే మిద్దె ఎక్కేవాడు.

ఒక వానాకాలంలో ఆయన దగ్గి దగ్గి పోయాడు. పిల్లలు లేరు. నలభయ్యో రోజు ఫాతిహా ప్రార్థన అయ్యాక వచ్చిన చుట్టాలంతా ఎవరి ఊళ్లకు వాళ్లు బస్సెక్కారు. ఆ సాయంత్రం హుస్సేన్‌బీ వాకిట్లో ఒక్కతే కూర్చుని ఉంటే తల మీద రెక్కల చప్పుడైంది. పావురాల గుంపు హిందూపురం రైలుకట్ట మీదుగా ఒక చుట్టు తిరిగి వచ్చి మిద్దె మీద వాలింది. పిలవకుండా ఈ ఇంటికి వచ్చేవి ఇక ఇవే అని ఆమెకు అప్పుడు తోచింది. అమ్మేయమని చెప్పేవాళ్లకు మరునాటి నుంచి బదులు చెప్పడం మానేసింది.

పావురాలతో పాటు ఆమెకు మిగిలిన మనిషి ఒకడున్నాడు, ఓబుళప్ప. ధర్మవరం స్టేషన్ దాటాక వచ్చే రైలు గేటు దగ్గర గేట్‌మన్. పెళ్లాం చాలా ఏళ్ల కిందటే చనిపోయింది. గేటు పక్కన చిన్న గదిలో ఒంటరిగా ఉండేవాడు. కాలేసాబ్ ఆదివారం బండిలో గార్డు చేతికి పావురాల బుట్ట ఇచ్చి పంపితే, ఓబుళప్ప స్టేషన్‌కు పోయి దాన్ని అందుకుని, మరునాటి పొద్దున మూత తీసి వదిలేవాడు. అన్నం పొద్దుకల్లా అవి హిందూపురం మిద్దె మీద ఉండేవి. ఖాళీ బుట్ట సాయంత్రం బండికి తిరిగి వచ్చేది.

కాలేసాబ్ పోయిన నాడు ఓబుళప్ప కూడా వచ్చి అందరి వెనకా నిలబడ్డాడు. పోయేటప్పుడు గుమ్మం దగ్గర ఆగి అన్నాడు:

"వదినా, బుట్ట పంపుతా ఉండు. అన్న లేడని వాటి రెక్కలు కట్టేస్తామా?"

ఆమె పంపడం మొదలుపెట్టింది. తిరిగి వచ్చే బుట్టలో ఒకసారి పచ్చి శనక్కాయలుండేవి, ఒకసారి నాలుగు సీతాఫలాలు. ఆమె పోయే బుట్టలో పావురాలకు తగలకుండా ఒక మూలన గుడ్డ మూటలో చెట్నీపొడి పెట్టేది. ఇద్దరూ కలిసి మాట్లాడుకున్నది తక్కువ. అయినా సోమవారం పొద్దున మిద్దె మీద నిలబడి ఉత్తరంగా చూస్తుంటే, అవతల ధర్మవరంలో ఒక మనిషి తన పని చేసేశాడని ఆమెకు తెలిసేది. ఆ వారానికి అది సరిపోయేది.

ఎనభై తొమ్మిదో సంవత్సరం శివరాత్రి ముందు ఓబుళప్ప స్వయంగా హిందూపురం వచ్చాడు. కంటి పరీక్షకు గుంతకల్లు రైల్వే ఆసుపత్రికి రమ్మని తనకు పిలుపు వచ్చిందన్నాడు.

"పండగ పోయిన మరుసటి సోమారం పోతాండా వదినా. అన్న ఎప్పుడూ అంటాండె గదా, గుంతకల్లు నుంచి ఇడిస్తే ఎట్లొస్తాయో ఒకసారి చూడల్లని. నువ్వు సరే అంటే తీసకపోతా."

హుస్సేన్‌బీ మిద్దె వైపు చూసింది. అంత దూరం అవి ఎప్పుడూ ఎగరలేదు. కానీ పోయేముందు జ్వరంలో కూడా కాలేసాబ్ ఆ మాట అన్నాడు.

"నువ్వుంటావు గదబ్బా, నాకేం భయం" అంది.

బాగా ఎగిరేవాటినన్నిటినీ ఏరి రెండు బుట్టల్లో పంపింది. ఆ గుంపుకు పెద్ద సురమా. కళ్ల చుట్టూ కాటుక గీసినట్టు నల్లటి అంచు ఉండే ముసలి ఆడపావురం.

సోమవారం ఆమె, కాలేసాబ్ పోయాక కూలికి పోతున్న పట్టుగూళ్ల మార్కెట్టుకు పోలేదు. ఎండెక్కక ముందే మిద్దె మీదికి చేరింది. ఆకాశం కడిగిన పళ్లెంలా ఉంది. గాలి లేదు, మబ్బు లేదు, డేగ జాడ కూడా లేదు. మధ్యాహ్నమైంది. జొన్నల డబ్బా గలగలలాడించింది. పక్క మిద్దె మీద వడియాలు ఎండబెడుతున్న కౌసల్యమ్మ, "దూరం గదక్కా, వస్తాయిలే" అంది. పొద్దు వాలింది. చూసి చూసి కళ్లు నీళ్లు కారుతున్నాయి.

చీకటి పడబోతుండగా ఒక పావురం వచ్చింది. సురమా. కానీ ఉత్తరం నుంచి కాదు, బెంగళూరు వైపు నుంచి. ఊరు దాటి ఎంత దూరం పోయి వెనక్కి తిరిగిందో, పిట్టగోడ మీద వాలి నోరు తెరిచి రొప్పుతూ ఉండిపోయింది. హుస్సేన్‌బీ చేతుల్లోకి తీసుకుంటే దాని గుండె వేళ్లకు తగిలి కొట్టుకుంది.

మరునాడు రెండు వచ్చాయి. ఆ వారంలో ఇంకో రెండు. అంతే. మిగతావి రాలేదు. గోడకు కట్టిన గూళ్లు వరసగా ఖాళీగా కనబడ్డాయి.

మార్కెట్టులో ఆడవాళ్లు తలా ఒక మాట అన్నారు. డేగలు పడి ఉంటాయన్నారు. వలలు వేసి పట్టి ఉంటారన్నారు. చివరికి ఒకామె అంది: "ఇడిసినాడో లేదో నువ్వు చూసినావా? అంత మంచి పావురాలు, బళ్లారిలో ఎంతకైనా కొంటారు." హుస్సేన్‌బీ ఆ మాటకు కసిరింది. కానీ ఇంటికొచ్చి ఖాళీ గూళ్ల ముందు కూర్చుంటే అదే మాట మళ్లీ వినబడింది. ఆకాశం మీద కోపం తెచ్చుకోవడం ఆమె వల్ల కాలేదు. మనిషి మీద తెచ్చుకోవడం సులువైంది.

ఆదివారం ఓబుళప్ప రెండు ఖాళీ బుట్టలూ చేత పట్టుకుని వచ్చాడు. మనిషి వాడిపోయి ఉన్నాడు.

"ఎన్ని వచ్చినాయి వదినా?"

"ఐదు."

అతడు గుమ్మం పక్కన కూలబడ్డాడు. "ఎప్పుడైనా రెండు సుట్లు తిరిగి దచ్చిణం పడతాయి. ఆ పొద్దు తిరిగినాయి, తిరిగినాయి... తిరుగుతానే ఉన్న్యాయి. తర్వాత గుంపు తెగిపాయ. కొన్ని తూర్పుకు, కొన్ని పడమరకు. నేనట్లే చూస్తా నిలబడిపోతి. ఆసుపత్రిలో నా పేరు పిలిచినంక పోతే రేపు రా పో అనిరి. టీ అంగట్లో రేడియో గూడా ఆ పొద్దు గరగరమనేదే గాని మాట పలకల్యా. ఏం దినమో అది."

రేడియో మాట ఎందుకు తెచ్చాడో ఆమెకు అర్థం కాలేదు. అబద్ధానికి పెట్టిన అతుకులా వినిపించింది.

"అమ్ముకున్న్యావా ఓబుళప్పా?"

ఓబుళప్ప తలెత్తి ఆమెను చూశాడు.  బుట్టలు గోడవారగా సర్ది లేచి వెళ్లిపోయాడు. వీధి మలుపు దాటేదాకా ఆమె చూస్తూనే ఉంది, ఒక్కసారైనా వెనక్కి తిరుగుతాడేమోనని.

ఆ తర్వాత బుట్ట పోలేదు. ఉన్న ఐదింటినీ ఆమె బయటికి వదలడానికి భయపడి గూట్లోనే ఉంచి మేపింది. సోమవారాలు వచ్చేవి. మార్కెట్టులో చెడ్డ పట్టుగూళ్లు ఏరుతూ ఉంటే రైలు కూత వినబడేది. ఆమె చేయి ఒక్క క్షణం ఆగి మళ్లీ ఏరేది. ఇంట్లో కొన్ని రోజులు ఆమె నోట ఒక్క మాట కూడా వచ్చేది కాదు. ఎవరితో మాట్లాడాలి? మాట్లాడితే తన గొంతే తనకు పరాయిదిగా వినిపించేది.

మార్కెట్టు పని లేనప్పుడు ఆమె కాలేసాబ్ లాగే పరుపులు కుట్టేది. ఎండలు ముదిరాక కదిరప్ప అనే అతను పరుపు కుట్టించుకోవడానికి వచ్చాడు. గౌరీబిదనూరు అవతల పొలాల్లో తీగలు కట్టి, సూర్యుడి నుంచీ చుక్కల నుంచీ వచ్చే రేడియో చప్పుళ్లు పట్టే చోట పని చేస్తాడు. కొలతలు చెబుతూ తలెత్తి ఖాళీ గూళ్లు చూశాడు.

"ఇన్ని గూళ్లు కట్టి, ఇన్నే పెంచుతాండారే?"

ఎవరూ అడగక చాలా రోజులైంది. హుస్సేన్‌బీ జరిగినదంతా చెప్పింది, ఓబుళప్పతో అన్న మాట ఒక్కటి తప్ప.

"ఎప్పుడు ఇడిసినారు?"

"శివరాత్రి పోయిన మరుసటి సోమారం."

కదిరప్ప చేతిలో టేపు అలాగే పట్టుకుని ఉండిపోయాడు. "ఆ సోమారమా? అమ్మా, ఆ దినం మేమెవురమూ మర్చిపోము. సూర్యుని మీద అప్పుడు పెద్ద మచ్చ ఒకటి లేచింది. ఆడి నుంచి మంట ఎగజిమ్మింది. ఆ విసురు వచ్చి సరిగ్గా ఆ పొద్దున భూమిని తాకింది. కెనడా దేశంలో ఒక రాష్ట్రమంతా కరెంటు పోయింది. ఉత్తరాది దేశాల్లో ఆకాశం ఎర్రగా కనబడిందంట. రేడియోలు పలకల్యా."

"రేడియోలా?"

"దూరం స్టేషన్లు. ఒట్టి గరగర."

ఓబుళప్ప చెప్పిన గరగర ఆమెకు గుర్తొచ్చింది. "ఈడ మాకేమీ కనబడల్యా గదప్పా."

"కనబడదమ్మా. కానీ దిక్సూచి ముల్లు కూడా ఆ పొద్దు నిలకడగా ఉండదు. పావురాలకు లోపల అట్లాంటి ముల్లు మాదిరి ఏదో ఉండాదని మా సార్లు అంటారు. తెలీని చోట ఇడిస్తే దాన్ని పట్టుకునే ఇంటికొస్తాయంట. ఇట్లాంటి దినాల్లో పందేలోళ్లు గుంపులకు గుంపులు పోగొట్టుకున్న్యారంట. మీవి దానివల్లనే పోయినాయని నేను ఒట్టేసి చెప్పలేను. కానీ ఆ పొద్దు ఇడిసి ఉండకూడదు."

"ఇడిసినోనికి ఆ సంగతి తెలిసే దారుండాదా?"

"ఎట్ల తెలుస్తాదమ్మా? ఎండ మామూలుగానే కాసె గదా."

మరునాడు హుస్సేన్‌బీ ఐదు పావురాలనూ బుట్టలో పెట్టుకుని ధర్మవరం బండెక్కింది. ఒంటరిగా రైలెక్కడం అదే మొదలు. గేటు దగ్గరికి నడిచి పోతే అక్కడ కుర్ర గేట్‌మన్ ఒకడు పచ్చ జెండా చుట్టుకుంటూ కనబడ్డాడు.

"ఓబుళప్పనా? మళ్లా కంటి పరీచ్చకు పోతే దూరం అచ్చరాలు చదవలేకపోయినాడు. గేటు నుంచి తీసేసి పెనుకొండ స్టేషన్లో నీళ్లు పట్టే పని ఇచ్చినారు."

పొద్దున వచ్చేటప్పుడు తన బండి పెనుకొండలోనూ ఆగింది. కొండను చూస్తూ కూర్చుంది గాని ప్లాట్‌ఫారం వైపు చూడలేదు. మళ్లీ వెనక్కి బండెక్కింది.

పెనుకొండలో దిగేసరికి ఎండ చుర్రుమంటోంది. ఓబుళప్ప నీళ్ల తొట్టి దగ్గర వంగి బక్కెట నింపుతున్నాడు. ఆమె దగ్గరికి వచ్చి నిలబడినా గుర్తుపట్టలేదు. బుట్టలోంచి గుటగుటమన్న చప్పుడు వచ్చాక నడుమెత్తాడు.

"వదినా?"

ఇద్దరూ బెంచీ మీద కూర్చున్నారు. సూర్యుడు, మచ్చ, మంట, ముల్లు — కదిరప్ప చెప్పినవన్నీ ఆమె ముందూ వెనకా కలిపి చెప్పింది. రేడియో సంగతి కూడా. ఓబుళప్ప తువ్వాలుతో చేతులు తుడుచుకుంటూ విన్నాడు.

"అయితే నేను అమ్ముకోలేదని చెప్పేదానికి సూర్యుడు రావాల్సి వచ్చె" అన్నాడు నెమ్మదిగా.

ఆమె తల దించుకుంది.

"నువ్వు అడిగితివని నాకు కోపం రాల్యా వదినా. అన్న పోయినాక నాకు ఈ బుట్ట తప్ప ఇంగేముండె? ఆదివారం బండి కోసం వారమంతా చూస్తాంటి. అది కూడా నీకు తెలీకపాయనే అని..." మాట అక్కడే ఆపేశాడు.

"తెలీక కాదబ్బా" అంది హుస్సేన్‌బీ. "తప్పయిపోయింది. నాకూ అంతే ఉండె. అదీ పోతాందని పిచ్చెత్తింది."

 గూడ్సు బండి ఒకటి ఆగకుండా పోయింది. చివరికి ఆమె బుట్ట అతని వైపు జరిపింది.

"నువ్వే ఇడువు."

ఓబుళప్ప తల అడ్డంగా ఊపాడు. "నా చేత్తో ఇంగ ఇడవనులే వదినా. నాకు సరిగ్గా అవుపడదు గూడా. నువ్వు ఇడిసి, యాపక్క పోయినాయో నాకు చెప్పు."

ఆమె ప్లాట్‌ఫారం చివరికి పోయి మూత తీసింది. ఇన్నేళ్లలో అవి రావడమే చూసింది గాని పోవడం ఎన్నడూ చూడలేదు. ఐదూ ఒక్కసారిగా లేచాయి. కొండ వైపు ఒక చుట్టు తిరిగాయి. ఇంకో చుట్టు. 

"దచ్చిణం పట్టినాయి" అని అరిచింది.

ఓబుళప్ప కళ్లు చికిలించి ఆ వైపే చూస్తున్నాడు, అక్కడ అతనికేమీ కనబడకపోయినా.

ఆ తర్వాత నెలకోసారి ఆమె బుట్ట తీసుకుని పెనుకొండ వచ్చేది. మూత తీసి ఆమె చెప్పేది, అతడు వినేవాడు. తర్వాత బండి వచ్చేదాకా బెంచీ మీద కూర్చునేవాళ్లు. మునుపటంత చనువు తిరిగి రాలేదు. ఆమె అడిగిన ఆ మాట ఇద్దరి మధ్యా ఎప్పుడూ ఎంతో కొంత చోటు తీసుకునే ఉండేది. ఆ ఏడాది చివర అతడు పని మానుకుని ఆమడగూరులో చెల్లెలి ఇంటికి వెళ్లిపోయాడు. వెళ్లే రోజు తెలియక ఆమె సాగనంపడానికి పోలేకపోయింది.

అయినా ఆమె పెనుకొండ పోవడం మానలేదు. ఒక్కతే పోయి వదిలి, ఒక్కతే బండెక్కి వచ్చేది. ఆమె రైలుకట్ట దిగి వీధిలోకి తిరిగేసరికి పావురాలు ఎప్పుడో వచ్చేసి, మూసి ఉన్న గూటి ముందు పిట్టగోడ మీద వరసగా కూర్చుని ఉండేవి. మెట్ల మీద ఆమె అడుగుల చప్పుడు వినబడగానే ముసలి సురమా గొంతు ఉబ్బించి పలికేది.

"వస్తాండా, వస్తాండా" అంటూ హుస్సేన్‌బీ చీర కుచ్చిళ్లు ఎత్తిపట్టుకుని మిద్దె ఎక్కేది.