మెయిన్ దగ్గర మనిషి

కొండాపూర్‌లో కొండలు కొండెక్కి అపార్టుమెంట్లు వెలుగుతున్న రోజులవి. ఇళ్లల్లో ఓల్టేజీ చూసే ఎల్లేశానికి ఓల్డేజీ కూడా దగ్గరపడుతోంది. ఇరవై రెండేళ్ల పనిలో ఒంటికి ఒక్క షాకూ తగల్లేదు. మనసుకు మాత్రం మూడు నెలల కిందట తగిలింది. ఇన్నేళ్లూ జోడీగా తిరిగిన వీరేశం, మాదాపూర్‌లో కొత్తగా లేచిన అద్దాల మేడకు సెక్యూరిటీ గార్డుగా వెళ్లిపోయాడు.

ఎల్లేశం, వీరేశం. పేర్లకే ప్రాస కుదిరింది, పనికి కుదరదా? ఎల్లేశం ప్లగ్గు దగ్గర కూర్చునేవాడు, వీరేశం మెయిన్ స్విచ్చు ఆపి అక్కడే నిలబడేవాడు. "బందా?" అని ఇతను లోపలినుంచి అరవాలి. "బంద్!" అని అతను జవాబివ్వాలి. అది వినిపించనిదే ఎల్లేశం తీగ ముట్టుకున్న పాపాన పోలేదు.

"ఇంకో మనిషిని పెట్టుకో అన్నా" అన్నాడు వీరేశం, వెళ్లేటప్పుడు.

"ఎందుకురా? మెయిన్ కాడికి పోనీకి నాకు కాళ్లు లేవా? నువ్వు పోయి అద్దాలకు సలాం కొట్టుకో, పో!"

అప్పట్నుంచి అన్నీ ఒంటి పనులే. ఇళ్లూ అలాంటివే. కంప్యూటర్ ఉద్యోగాలవాళ్లు పొద్దున్నే వాచ్‌మన్ చేతికి తాళంచెవి ఇచ్చి పోతారు, పొద్దుగూకాక వస్తారు. కరెంటు ఆపితే ఫ్యాను చప్పుడైనా తోడుండదు. అందుకే ఎల్లేశం తనే "బందా?" అని అరిచి, ముక్కుతో గొంతు మార్చి తనే "బంద్!" అనేవాడు. మొదట్లో నవ్వొచ్చేది. తర్వాత నవ్వు పోయి అలవాటు మిగిలింది.

ఆ రోజు రోహిణి అనే అమ్మాయి ఫ్లాటు. ఫ్రిజ్ ప్లగ్గు నల్లబడిందని చీటీ రాసిపెట్టి ఆఫీసుకు వెళ్లింది. ఎల్లేశం చేతులు పొడిగా తుడుచుకుని రబ్బరు చెప్పులు తొడుక్కున్నాడు. మీటరును ఏసీ ఓల్టేజీలో పెద్ద అంకె మీదికి తిప్పి, ముందు హాల్లో బాగున్న ప్లగ్గులో చూశాడు. రెండొందల ముప్పై. మీటరు నిజమే చెబుతోంది. తర్వాత వంటింట్లో ఫ్రిజ్ వైరు పీకి, మీటరు పుల్లలను ప్లాస్టిక్ పిడి దగ్గరే పట్టుకుని ఆ ప్లగ్గులో పెట్టాడు. ఒకసారి రెండొందలు, ఒకసారి నూటపది. లోపల తీగ వదులైంది, విప్పాల్సిందే.

"బందా?" అని అరిచాడు.

"బంద్!" అన్నాడు.

మరలు విప్పి సాకెట్టు ముందుకు లాగాడు. తీగ కొస రాగిరంగులో మెరుస్తోంది. చెయ్యి చాచబోయి ఆగాడు. బంద్ చేశాక కూడా మీటరు పెట్టి చూడమని వీరేశం పోరు పెట్టేవాడు. "కరెంటుకు మొగుడివి కావురా, అనుమానం మొగుడివి" అని ఎల్లేశం ఏడిపించేవాడు. ఇవాళ ఎందుకో పుల్లలు తీసి పెట్టాడు.

రెండొందల ఇరవై ఎనిమిది.

వాకిలి పక్కన మెయిన్ ఆన్‌లోనే ఉంది. అతను అక్కడికి వెళ్లనే లేదు. అడిగింది తను, చెప్పింది తను, నమ్మిందీ తనే.

గచ్చు మీద చతికిలబడ్డాడు. ప్రాణం పోయి ఉంటే సాయంత్రం దాకా ఎవరికీ తెలిసేది కాదు. కరెంటు లేని ఫ్రిజ్ పక్కన తనొక్కడే చల్లగా ఉండేవాడు. ఈ జోకు చెప్పుకోవడానికీ మనిషి లేడు.

కిందికి దిగి వాచ్‌మన్ భార్య మల్లమ్మను పిలిచాడు.

"అక్కా, జర పైకొస్తవా?"

"నాకేం కరెంటు పనొస్తదే అన్నా?"

"రాకున్నా మంచిదే. మెయిన్ కాడ నిలబడు, ఎవల చెయ్యీ పడనియ్యకు. నేనడిగితే చెప్పు. చూడకుండ మాత్రం చెప్పకు."

"గింత దానికి మూడంతస్తులు ఎక్కిస్తున్నవా!"

"గింతే నాకు ఒక్కనికి చాతనైతలేదక్కా."

మెయిన్ ఆపి ఆమెను అక్కడ నిలబెట్టి వంటింట్లోకి వచ్చి అడిగాడు.

"బందే ఉన్నది! కండ్లల్ల ఒత్తులేసుకొని చూస్తున్న!"

మీటరు పెట్టాడు. సున్నా. అప్పుడు తీగ ముట్టుకున్నాడు. పావుగంటలో కాలిన సాకెట్టు పోయి కొత్తది వచ్చింది.

"అయిందా అన్నా? పొయ్యి మీద బువ్వ మాడుతది నాకు!"

"అయితున్నది, జర ఆగక్కా." ఎప్పుడో బిగిసిన మర మీద ఎల్లేశం మళ్లీ స్క్రూడ్రైవర్ పెట్టాడు. "మీదే ఊరు?"

"నారాయణఖేడ్ దిక్కు. ఎందుకడుగుతున్నవ్?"

ఎల్లేశం మరను ఇంకో పావు చుట్టు తిప్పబోయాడు. అది తిరగలేదు.