చల్లబడని అమ్మోరు

మాఘమాసపు గాలి. సముద్రం మీంచి వచ్చి ఒళ్లు కోసేస్తోంది.

పల్లె పల్లెంతా దుప్పట్లు కప్పుకుని మంటల చుట్టూ ముడుచుకుంది. పైడమ్మకు మాత్రం చెమట.

నుదుటి మీద చెమట. మెడ మీద చెమట. రవిక వీపుకి అంటుకుపోయింది.

ఆరో నెల కడుపు. పుల్లల్లాంటి చేతులు... అవి వణుకుతున్నాయి. కళ్లు పెద్దవయ్యాయి, రెప్ప వేయడం మరిచిపోయాయి. గుండె గొంతులో కొట్టుకుంటోంది.

అత్త కాసులమ్మ ఆ కళ్లు చూసింది. ఆ చేతులు చూసింది. చేతిలో చీపురు పడేసి దండం పెట్టింది.

"ఓలమ్మా... అమ్మోరు వొచ్చినాది!"

ఇక చూడాలి సంబరం!

వేపకొమ్మలు వచ్చాయి. పసుపు నీళ్లు వచ్చాయి. తెప్పలు దించబోయే మగవాళ్లు వరసగా వచ్చి అడిగారు — ఏ దిక్కుకి పోమంటావు తల్లీ?

సాంబ్రాణి పొగకి ఊపిరాడక పైడమ్మ చెయ్యి విసిరింది. అది ఉత్తరం వైపు పడింది. వాళ్లు ఉత్తరానికి పోయారు. వలలు చిరిగేటంత చేప పడింది.

అంతే. ఆమె మాట ఇంకెవరు వింటారు?

"నాకు అమ్మోరు నేదు. గుండె దడ. ఆకలి," అంది పైడమ్మ.

అమ్మవారు అలాగే పరీక్ష పెడుతుందిలే, అన్నారు ఊరివాళ్లు.

ఆకలి... అదేం ఆకలో! ఎంత తిన్నా ఒంటికి పట్టదు. పైగా అమ్మవారు పూనిన ఒంటికి వడపప్పు, పానకం తప్ప పెట్టకూడదట. పైడమ్మ చాటుగా చద్దన్నం తినేది. తింటూ ఏడ్చేది.

భయం తన కోసం కాదు. మొదటి బిడ్డ ఇలాగే, ఇదే దడలో, ఏడో నెలలో చచ్చి పుట్టింది.

మళ్లీ ఏడో నెల వస్తోంది.

మొగుడు అప్పన్న మాటకారి కాదు. కానీ పెళ్లాం చెయ్యి పట్టుకున్నవాడు. అమ్మవారు వస్తుంది, అడుగుతుంది, ఇచ్చింది పుచ్చుకుని చల్లబడుతుంది. ఇది చల్లబడదేం, అనుకున్నాడు. కళ్లు మూసుకుని పడుకున్నా నాడి పరుగెడుతూనే ఉంటుందేం?

"అమ్మోరికైనా నిద్దరుంటాది గదే," అన్నాడు.

రావివలస మల్లికార్జునుడికి మొక్కుందని తల్లితో అబద్ధమాడాడు. దేవుడి పని అంటే అడ్డెవరు? బండి కట్టాడు. నౌపడ ఉప్పుమడుల పక్కనుంచి, తెల్లటి ఎండలోంచి, నేరుగా టెక్కలి. డాక్టరమ్మ ఉమామహేశ్వరి దగ్గరికి.

ఆవిడ గుటక వేయమంది. మెడ ముందు వాపు పైకి లేచి దిగింది. చాచిన వేళ్ల మీద ఓ పలచని కాగితం పెట్టింది. కాగితం రెపరెపలాడింది.

"గొంతులో థైరాయిడ్ అని ఓ గ్రంథి ఉంటుంది. అందరికీ ఉంటుంది. నీకు మితిమీరి పనిచేస్తోంది. అందుకే ఈ దడ, ఈ చెమట, ఈ ఆకలి. వదిలేస్తే నీకూ ప్రమాదం, బిడ్డకూ ప్రమాదం. మాత్రలిస్తాను. తక్కువే ఇస్తాను — ఎక్కువైతే కడుపులో బిడ్డ గొంతు వాస్తుంది. నెలనెలా వచ్చి చూపించుకోవాలి."

పైడమ్మ చెవిన పడింది ఒక్కటే మాట. అందరికీ ఉంటుంది.

"అయితే నాను మనిసినే గదమ్మా?"

డాక్టరమ్మ నవ్వలేదు. "మనిషివే. కడుపుతో ఉన్న మనిషివి. బాగా తిను."

కూర్చున్న బల్ల మీదే పైడమ్మ హాయిగా ఏడ్చేసింది.

తర్వాత... చెమట తగ్గింది. చేతులు నిలిచాయి. నిద్ర వచ్చింది — ఎన్నాళ్లకో, కమ్మటి నిద్ర. ఏడో నెల వచ్చింది. బిడ్డ కదులుతూ ఉండగానే ఆ నెల దాటిపోయింది.

మాత్రల సంగతి కాసులమ్మకు తెలిసింది. చేపలు తగ్గాయని ఊరు గొణుగుతోంది. "అమ్మోరిని తరిమేసినారు," అంది అత్త. ఆపైన కోడలితో మాట మానేసింది. కోడలి కంచంలో చేపముక్క వేయడం మాత్రం మానలేదు.

నెలలు నిండాక ఆడపిల్ల పుట్టింది. చిన్నది. ఏడ్చింది. బతికింది!

కానీ మర్నాటికి ఆ చిట్టి చేతులు వణకడం మొదలెట్టాయి. కళ్లు పెద్దవయ్యాయి. ఎంత తాగినా ఆకలే.

గుమ్మంలో జనం. ఎవరో అప్పుడే వేపకొమ్మ విరుచుకొచ్చారు. "తల్లిని ఒగ్గీసి గుంటని పట్టినాది," అన్నారు పసిదాన్ని చూపించి.

అందరూ కాసులమ్మ వైపు చూశారు. పైడమ్మ కూడా చూసింది.

కాసులమ్మ మనవరాలి గుండె మీద అరచెయ్యి ఆనించింది. చాలాసేపు తీయలేదు.

"ఆ ముందటి గుంటకీ ఇలగే కొట్టుకున్నాదేటో..." అంది.

లేచి, వేపకొమ్మ లాక్కుని బయట పారేసింది.

"అప్పన్నా, బండి కట్టరా. టెక్కలి ఎల్దాం."

తల్లి రక్తంలోంచి బిడ్డకు అందిన జబ్బు అంది డాక్టరమ్మ. దానంతట అదే పోతుంది, అందాకా ఈ చుక్కల మందు వేద్దాం అంది. పైడమ్మ మాత్రలు ఎన్నాళ్లు మింగాలో ఆవిడా చెప్పలేకపోయింది.

బిడ్డ ఒళ్లు చేసింది. వణుకు సన్నగిల్లింది... ఓ మధ్యాహ్నం పూర్తిగా ఆగింది.

ఊయలలో బిడ్డ కదలడం లేదు. కళ్లు పూర్తిగా మూసుకున్నాయి. అంత నిశ్చలంగా పడుకున్న బిడ్డను పైడమ్మ ఎప్పుడూ చూడలేదు. గబుక్కున ఎత్తుకుని కుదిపేసింది.

బిడ్డ గుక్కపట్టి ఏడ్చింది.

కాసులమ్మ ఊడిపోతున్న జుట్టుముడితో పరిగెత్తుకొచ్చింది. "సక్కగా తొంగున్న గుంటని లేపేత్తావేటే? బుర్రుందేటే నీకు?" అని తిట్టింది. పసిదాన్ని లాక్కుని భుజాన వేసుకుని, జోకొడుతూ, మళ్లీ తిట్టింది.

అత్త తనని తిట్టి ఎన్నాళ్లయిందో!

పైడమ్మకు నవ్వు ఆగలేదు.