అన్యభాషకు అర్థం

రెండు వేల ఆరులో ఒక ఆదివారం, అనకాపల్లి పక్కన తుమ్మపాలలో మా చర్చికి భవిష్యత్తు నుంచి ఒకడు వచ్చాడు. ప్రార్థన మధ్యలో లేచి, కాలంలో తిరిగేవాళ్ళు తమలో తాము మాట్లాడుకోవడానికి కల్పించుకున్న భాషలో గట్టిగా ఏదో అన్నాడు. అన్యభాషలనుకుని మేం స్తోత్రం చెప్పాం. మా దగ్గర అన్యభాషలకు అర్థం చెప్పే వరం పుష్పకుమారమ్మది. నాకు ఆవిడ పొడ గిట్టదు. అయినా వరం వరమే.

"ఈ ఏడు స్లాబ్ ఏయమంటన్నాడు దేవుడు," అంది.

వేశాం. కాంక్రీటు తట్టలు ఎక్కువగా ఆ వచ్చినవాడే మోశాడు. బాప్తిస్మమిచ్చి ఇమ్మాన్యుయేల్ అని పేరు పెట్టాం.

మరుసటి ఏడు ఇంకొకడు వచ్చి అదే భాషలో అరిచాడు. అప్పటికి తెలుగు పట్టుబడిన ఇమ్మాన్యుయేల్ లేచాడు.

"మేం రాబోయే కాలపోళ్ళం. ఈడి బండి కూడా ఆగిపోయిందంట. పోయినేడు నేను సెప్పిందీ అదే. కూసింత తోత్తే ఎలిపోతాం."

అందరం పుష్పకుమారమ్మ వైపు చూశాం. ఆవిడ కళ్ళు తెరవలేదు.

"తప్పు. కాంపౌండు గోడ కట్టమంటన్నాడు," అంది.

గోడ తొందరగానే లేచింది. ఈసారి ఇటుకలు మోయడానికి ఇద్దరున్నారు.