సుందరాబాయి నడక

సుందరాబాయి ముందరి రెండు పళ్ళకు మసి పూసుకుని, అద్దంలో ఒకసారి ఇకిలించి చూసుకుంది. బోసినోరు బాగానే కుదిరింది. నడుముకు పాతగుడ్డల మూట కట్టుకుంది, జుట్టుకు తెల్లటి సఫేదా పొడి అద్దుకుంది. ఆదివారం మధ్యాహ్నం ఆట. బీదరు కోట దగ్గర వేసిన డేరాలో అప్పటికే ఉక్కపోత.

నలభై ఆరేళ్ళ మనిషి. ఇరవై రెండేళ్ళుగా అదే నాటకాల కంపెనీ. నైజాం పోయి బీదరు మైసూరు రాష్ట్రంలో కలిసింది గానీ, ఆమె గయ్యాళి అత్త వేషం వదిలి ఎక్కడికీ పోలేదు. గోడలకంటించే కాగితాల మీద నాయిక బొమ్మ ఉంటుంది. ఈమె పేరు చిట్టచివర, అదీ చోటు మిగిలితే. అయినా జనం వచ్చేది ఈమె నడక చూడటానికే. ఎడమకాలు ఈడ్చి, నడుము పక్కకు విసిరి, అడుగడుక్కీ గుంతలో పడి లేచినట్టు నడుస్తుంది.

ఆ నడక ఆమెది కాదు, అక్క రాచమ్మది. చిన్నప్పుడు సుందరను చంకనెత్తుకుని గుట్ట దిగుతూ పడింది రాచమ్మ. కాలు విరిగి పొట్టిగా అతుక్కుంది. చంకలోని పిల్లకు గీత కూడా పడలేదు. కంపెనీలో చేరిన కొత్తలో ఎవరూ నవ్వకపోతే, కూడు పోతుందన్న భయంతో సుందర ఒకరోజు అక్కలా నడిచింది. అంతే, కొలువు ఖాయమైంది. అడుసు తొక్కనేల, కాలు కడగనేల అంటారు. ఆమె తొక్కుతూనే ఉంది, కడిగింది లేదు. అక్కకు మాత్రం రాణి వేషాలు వేస్తానని చెప్పుకుంది.

టికెట్లు చింపే హనుమవ్వ తెర పక్కనుంచి తొంగిచూసింది.

“బాయీ, హళ్ళిఖేడ్ నుంచి మీ అక్క వచ్చింది. ఆడోళ్ళ బెంచీల మీద కూసున్నది.”

సుందరాబాయి వెంటనే మేనేజరు దేవప్ప దగ్గరికి పోయింది.

“దేవప్పన్నా, ఇయ్యాల సీదా నడుస్త.”

“సీదా నడిస్తే నిన్నెవరు చూస్తరు బాయీ?” అన్నాడతను, బీడీ ఆర్పుతూ. కోపంగా కూడా అనలేదు.

అయినా రంగం మీదికి తిన్నగానే వచ్చింది. ఒక అడుగు, రెండడుగులు. ఎవరూ నవ్వలేదు. వెనక బెంచీలో ఎవరో ఆవులించారు. ఆ ఆవులింత విన్నాక కాలు తనంతట తానే ఈడ్చుకుపోయింది. డేరా గొల్లుమంది. సిగ్గుతో చచ్చిపోయింది సుందరాబాయి. అంతకన్నా సిగ్గు, ఆ నవ్వు ఆమెకు తియ్యగానే ఉంది.

ఆడవాళ్ళ వైపు రాచమ్మ లేచింది. బెంచీల మధ్య నుంచి బయటికి నడిచింది: కాలు ఈడ్చి, నడుము పక్కకు విసిరి, పడి లేచినట్టు.

“అరె, ఈమె సుందరాబాయిని నకల్ చేస్తుంది చూడుండ్రి!” అని ఒకడు అరిచాడు. “అచ్చం దింపింది!”

డేరా అంతా అటు తిరిగి నవ్వింది. కొందరు చప్పట్లు కొట్టారు. ఆమె మా అక్క అని ఒక్క మాట అంటే చాలు. సుందరాబాయి నోరు తెరిచింది. సరిగ్గా అప్పుడే కోడలు వేషగత్తె అందించాల్సిన మాట అందించింది. సుందరాబాయి తన మాట తాను అప్పజెప్పింది, ఎక్కడ ఆగాలో అక్కడ ఆగి మరీ. మళ్ళీ నవ్వులు.

ఆట ముగిశాక రంగు కూడా కడుక్కోకుండా ఆడవాళ్ళ బెంచీల దగ్గరికి పరుగెత్తింది. హనుమవ్వ ఊడుస్తోంది.

“బస్సుకు పోయింది బాయీ. వట్టికాళ్ళతోనే పోయింది, పిలిస్తే ఎన్కకు కూడ చూడలే. పాపం, వచ్చేటప్పుడు ఎంత మురిసిందో! ‘మా సుందర నలుగుర్ల పేరున్న మనిషి, దాని పక్కన కుంటుకుంట నిలబడితే దానికి నామోషీ గాదా, అందుకే సీదా నడవనీకె కుట్టించుకొని వచ్చిన’ అన్నది.”

బెంచీ కింద కొత్త చెప్పుల జత ఉంది. కుడిది మామూలుదే. ఎడమదాని అడుగున నాలుగు పొరల టైరు ముక్కలు కొట్టి ఉన్నాయి.