పెనం కోసం వచ్చిన పిన్ని

మా అమ్మ ఫెలీసిత బట్టలుతికే తొట్టి దగ్గర కాలు జారి ఎడమ మణికట్టు విరగ్గొట్టుకుంది. సిమెంటు కట్టు ఆరకముందే ఆవిడకి పెనం బెంగ పట్టుకుంది. సకతెకొలూక ఊళ్ళో మా వీధి మలుపు మీద ఆవిడ పుపూసాలు, అదే లోపల కూర్చిన మొక్కజొన్న రొట్టెలు, కాల్చని సాయంత్రం సగం వీధికి పస్తే మరి.

"నోయేమి పిన్నికి ఇచ్చేస్తా. సాయంత్రం వచ్చి పట్టుకెళ్తుంది," అని తేల్చేసింది.

నాకు ఒళ్ళు మండిపోయింది. నేను కుట్టుపని చేసే బట్టల ఫ్యాక్టరీ మూతపడ్డాక నాకున్న ఆశ ఆ పెనమొక్కటే. చిన్నప్పటి నుంచి క్యాబేజీ తరిగి ఊరేసింది నేను, చిక్కుడు గింజలు రుబ్బింది నేను, గిన్నెలు తోమింది నేను. ముద్ద మాత్రం ముట్టనిచ్చేది కాదు. నా అరచేతులు వేడట! వేడి చేతుల్లో మొక్కజొన్న ముద్ద ఎండి పగిలిపోతుందట! మా వైపు ఆడవాళ్ళు ఈ మాటని బైబిల్ వాక్యంలా నమ్ముతారు.

"పిన్ని వచ్చేలోపు నువ్వు తినేలాంటి పుపూసా ఒక్కటి చేస్తా. చేస్తే పెనం నాది," అన్నాను.

"చెయ్యి. నేను చూడటమెందుకు, చప్పుడు వింటే చాలు," అని అమ్మ ముందుగదిలో ఉయ్యాల ఎక్కి కూర్చుంది.

పెనాన్ని వంటింటి పొయ్యి మీదకెక్కించాను. ముద్ద తీసి, గుంట చేసి, చిక్కుడు గింజల ముద్ద, చీజ్, లొరోకో తీగ మొగ్గలు కూరి, మూసి, రెండు అరచేతుల మధ్య టపటపలాడించాను. పుట్టినప్పటి నుంచి వింటున్న చప్పుడే కదా, అచ్చం అలాగే వచ్చింది. మురిసిపోయాను. పెనం మీద వెయ్యగానే అంచు పగిలి, చీజ్ అంతా బయటికి కారి మాడింది.

"ఏంటే డెల్మీ ఆ వాసన? వంట చేస్తున్నావా, ఇల్లు తగలబెడుతున్నావా?"

"అది ఒక్కటే అలా అయింది. నువ్వు ఊరుకో!"

రెండోదీ పగిలింది. ఆ తర్వాతది పగలకూడదని దిట్టంగా చేస్తే లోపల పచ్చిగా ఉండిపోయింది. దాన్ని పళ్ళెంలో పెట్టి చూపిస్తే అమ్మ పకపకా నవ్వింది.

"పర్లేదే, గాలికి తలుపు కొట్టుకోకుండా అడ్డం పెట్టుకోవచ్చు."

నాకు ఏడుపూ కోపమూ ఒకేసారి తన్నుకొచ్చాయి.

"నవ్వు, నవ్వు! ఇన్నేళ్ళలో ఒక్కసారైనా పక్కన నిలబెట్టి నేర్పావా? పిన్నికి నేర్పావు. పక్కింటి పిల్లక్కూడా నేర్పావు. నేను మాత్రం గిన్నెలకి! వేడి చేతులతో పుట్టటం నా తప్పా?"

అమ్మ నవ్వు ఆగిపోయింది. ఉయ్యాల కూడా ఆగింది. కట్టు చేతిని గుండెకి ఆనించుకుని వంటింట్లోకి వచ్చింది. నూనె చుక్కలు వేసిన నీళ్ళ గిన్నెలో కుడి చెయ్యి ముంచి నా ముందు చాచింది.

"నీ ఎడం చెయ్యి తడుపుకుని ఇలా తే."

ఆవిడ అరచెయ్యి కింద, నాది పైన, మధ్యలో ముద్ద. నేను ఇందాకటిలాగే టపీమని ఒక్కటిచ్చాను.

"అబ్బా! ఉన్న చెయ్యి కూడా విరగ్గొడతావా? ఎందుకే అలా బాదుతావ్?"

"నువ్వూ బాదుతావుగా. రోజూ వినబడేదేగా."

అమ్మ నా మొహంలోకి చూసింది.

"అయ్యో నా తల్లీ, చప్పుడు విని నేర్చుకున్నావా! నేను తిప్పుతానే. వేళ్ళతో అంచు నొక్కుతూ తిప్పుతా. చప్పుడు దానంతటదే వస్తుంది."

ఆవిడ వేళ్ళు నా వేళ్ళని నెట్టాయి. మా ఇద్దరి చేతుల మధ్య తిరుగుతూ ముద్ద గుండ్రంగా సాగింది, ఎక్కడా పగల్లేదు. పెనం మీద వేస్తే చక్కగా ఉబ్బింది.

"మరి వేడి చేతుల సంగతేంటి?"

"నీళ్ళెందుకున్నాయే," అని, పెనం మీది పుపూసా తిరగేస్తూ, "నువ్వు మిషన్ కుట్టుకుంటూ నీడపట్టున బతుకుతావనుకున్నా. ఈ పొగ నాతోనే పోతుందనుకున్నా," అంది.

కళ్ళు తుడుచుకున్నాను. పొగ వల్ల కాదని ఇద్దరికీ తెలుసు.

తర్వాతది నేనొక్కదాన్నే చేశాను. కాస్త వంకర వచ్చింది గానీ పగల్లేదు. అమ్మ దాని మీద ఊరిన క్యాబేజీ వేసుకుని, టమాటా రసం పోసుకుని ముందుగదిలోకి పోయింది. బాగుందనీ అనలేదు, బాగాలేదనీ అనలేదు. నేను ఇంకో ముద్ద అందుకున్నాను.

ఇంతలో వీధి గుమ్మంలోంచి పిన్ని గొంతు వినబడింది.

"అక్కా! చెయ్యి విరిగిందన్నావ్, మళ్ళీ పొయ్యి దగ్గరికి చేరావా? నీ టపటపలు వీధి చివరిదాకా వినబడుతున్నాయి!"

చేతులు ఆపకుండానే తొంగి చూశాను. పిన్ని చంకలో పెనం మోసుకెళ్ళే గోనెసంచి ఉంది. ఉయ్యాలలో అమ్మ, నోటి నిండా పుపూసాతో మాట్లాడలేక, కట్టు చేతిని పైకెత్తి చూపించింది.

పిన్ని ఆ చేతి వైపు చూసింది, వంటింటి వైపు చూసింది. గోనెసంచి మడిచి, బల్ల మీద వేసుకుని దాని మీద కూర్చుంది.

"నాకు లొరోకోవి రెండు వెయ్యవే డెల్మీ."

అమ్మ గబగబా మింగింది.

"వరసలో ఉండవే. ముందు నాకు ఇంకోటి."