ఆరో పోగు

తొంభై ఆరులో సంగతి. తెనాలి ఎక్స్ఛేంజిలో నేను, రేపల్లె ఎక్స్ఛేంజిలో మా ఆయన అంద్రెయ. మధ్యలో కొత్తగా పాతిన కేబులు, అందులో వెంట్రుకంత సన్నని ఆరు గాజుపోగులు. నా దగ్గరున్న డబ్బా పోగులోకి వెలుతురు పంపుతుంది. దారిలో ఎంత పోయిందో ఆయన దగ్గరున్న మీటరు చెబుతుంది. ఆ వెలుతురు కంటికి కనబడదు. మీటరు చూసే మనిషి మాటే మాకు ఆధారం.

కేబులు రెండు సగాలూ విడివిడిగా పరీక్షలో నెగ్గాయి. అమృతలూరు దగ్గర ఆ రెంటినీ కలిపిన జాయింటు నాది. ఆడమనిషికి పోగులు అతికించే జాయింటు మిషను ఇవ్వడం మా పై అధికారి పాండురంగారావు సారుకు సుతరామూ ఇష్టం లేదు. "ఒక్క పోగు తేడా వచ్చినా మిషను తిరిగిచ్చెయ్యాలమ్మా" అని ముందే చెప్పాడు. ఇప్పుడు నా పక్కనే కుర్చీ వేసుకు కూర్చున్నాడు.

దారిలో పోయే వెలుతురు, డెసిబెల్స్ అనే కొలతలో, పదిహేను దాటకూడదు. పాత ఫోను లైను మీద మా ఆయన అయిదు పోగులకూ ఇంచుమించు పదమూడే చెప్పాడు. ఆరోదానికి కాస్త ఆగాడు.

"పది, సరోజా."

నాకు ఒళ్లు మండింది. అంత దూరం జాయింటే లేకుండా ఒకే పోగు వేసినా పన్నెండు పోయి తీరుతుంది. అబద్ధమాడే మనిషి కాస్త లెక్క చూసుకుని ఆడొద్దూ!

"ఎంతమ్మా?" అన్నాడు సారు.

పదమూడని నేను అనేస్తే అక్కడితో సరిపోయేది. నోరు రాలేదు.

"ఏవండీ, మళ్లీ చూసి చెప్పండి" అన్నాను ఫోనులో.

ఈసారి నెమ్మదిగా "పంతొమ్మిది" అన్నాడు.

"పంతొమ్మిది సార్. ముందు పదన్నాడు."

"పదెలా వస్తుందమ్మా!" సారు కలం మూసేశాడు. "మిషను ఇచ్చెయ్."

"ఇచ్చేస్తా సార్. ఆ పోగు నేనే విప్పి, నేనే అతికించి ఇస్తా."

ఆ మాత్రానికి ఒప్పుకున్నాడు.

"నీ మిషను పోతుందనే కదే అలా చెప్పాను" అన్నాడు మా ఆయన ఇంట్లో. అన్నం వడ్డించి వంటింట్లోకి వెళ్లిపోయాను.

మర్నాడు అమృతలూరులో పోగు కోసి మళ్లీ అతికించాను. ఈసారి మీటరు చూడ్డానికి రేపల్లెకు మా తోటి ఉద్యోగి లూకాను పంపుతానన్నాడు సారు.

"వద్దు సార్, మా ఆయన్నే పంపండి."

"నిన్న చెప్పింది చాల్లేదా?"

"ఇంకోసారి నాతో అలా అనడు సార్."

సారు గొణుక్కుంటూనే పంపాడు. నేను తెనాలి వచ్చి వెలుతురు వేశాను.

"ఎంతండీ?"

"పద్నాలుగున్నర."

సారుకు చెప్పాను. ఆయన నా మొహంలోకి చూశాడు. "నమ్మమంటావా?"

"అబద్ధమైతే మిగతా వాటిలాగే పదమూడనేవాడు సార్."

సారు రాసుకుని లేచాడు. "మిషను నీ దగ్గరే ఉంచు. సోమవారం రేపల్లె పక్కన నగరం ఊళ్లో జాయింటుంది" అని వెళ్లిపోయాడు.

ఫోను ఇంకా నా చెవి దగ్గరే ఉంది. "ఇంతకంటే తగ్గలేదే, సరోజా" అన్నాడు మా ఆయన, తప్పంతా తనదే అయినట్టు. నాకు ఏడుపొచ్చింది.

"చాలండీ. ఇంటికి రండి" అన్నాను.