రాణి అదనంగా పలికిన మాట

డిస్కు అట్ట మీద ‘థియేటర్లో చూడని నలభై నిమిషాలు’ అని చదవగానే అక్కకు అనుమానం పుట్టింది. రెండేళ్ల కిందట ఆ మాయాలోకపు సినిమాలో రాణికి గొంతు ఇచ్చింది తనే. కొత్త సన్నివేశాలు కలిపితే రాణి వాటిలో నోరు మూసుకుని కూర్చోదు కదా! మరి తనను డబ్బింగుకు ఎవరూ పిలవలేదేం?

గొంతుకు ఆపరేషనై ఆరు నెలలైంది. ఇక నిక్షేపంగా మాట్లాడవచ్చని డాక్టరు చెప్పాడు. ఇంట్లోవాళ్ళంతా అచ్చం మునుపటిలాగే ఉందన్నారు.

చెల్లెలిదీ డబ్బింగు పనే. ఆమెను పక్కన కూర్చోబెట్టుకుని అక్క డిస్కు పెట్టింది. “నేను చూసేశానక్కా, ఒట్టి సాగదీత,” అంటూ చెల్లెలు రెండుసార్లు లేవబోయింది. అక్క చెయ్యి పట్టుకుని కూర్చోబెట్టేసింది.

మొదట కలిపినదంతా నడకే. గుర్రాలు, కొండలు, మరుగుజ్జుల భోజనాలు. వీటిని అప్పట్లో కత్తిరించినవాడు పుణ్యాత్ముడనిపించింది. ఆ తర్వాత, యుద్ధానికి ముందు, రాణి ఒంటరిగా తల్లి సమాధి దగ్గరికి వెళ్ళింది. థియేటర్లో హుకుములు జారీ చేయడం తప్ప ఎరగని రాణి ఇక్కడ “భయంగా ఉందమ్మా” అంది.

గొంతు అక్కదే. ఆ మాట మాత్రం అక్క ఎన్నడూ పలకలేదు.

వెనక్కి తిప్పి మళ్ళీ వింటే, ఆ మాటకు ముందు నోటితో ఊపిరి పీల్చిన చప్పుడు వినబడింది. డైలాగుకు ముందు అక్క ఊపిరి వినబడనివ్వదు. చెల్లెలు నోటితో చప్పున పీలుస్తుంది. ఎన్ని మొట్టికాయలు వేసినా పోని అలవాటది.

“నా రాణిని కాజేశావన్నమాట!” అక్కకు ఒళ్ళు మండిపోయింది. “నా మంచం పక్కన కూర్చుని మందులు పోస్తూనే!”

చెల్లెలు తలెత్తలేదు. “మూడు నెలల కిందట నీచేత సబ్బు ప్రకటన చదివించారు కదక్కా. అది ప్రకటన కాదు. రాణి గొంతు వస్తుందో లేదో చూశారు. పాత సీను పక్కన పెట్టి వింటే...”

“ఆఁ, వింటే?”

“ఇద్దరు వేరే మనుషుల్లా ఉంది. ఇంకెవరికో ఇచ్చేస్తామన్నారు. డబ్బింగు నేను చెప్తాను, పేరు మాత్రం మా అక్కదే వేయండి అన్నాను.”

అక్క కోపమంతా చప్పబడిపోయింది. దాని స్థానంలో భయం వచ్చి కూర్చుంది.

“సినిమా రెండో భాగం రికార్డింగ్ ఎప్పుడు?”

“సోమవారం. నేను వెళ్ళనులే.”

“వెళ్ళకపోతే రాణి మూగదైపోదూ? నోర్మూసుకుని వెళ్ళు!”

అలా కసిరిన గొంతు బొంగురుగా, ఎవరో పరాయి మనిషిదిలా ఉంది. ఆరు నెలల్లో అక్క తన గొంతు తాను నిజంగా వినడం అదే మొదటిసారి. చెల్లెలి భుజం మీద తల పెట్టుకుని ఏడ్చింది.